ఏనుగుకీ ఏనుగుకీ మధ్య మూడు మీటర్లు

పూరం రోజు త్రిస్సూర్‌లో రైలు దిగితే దారి అడగక్కర్లేదు. జనం ఎటు పోతుంటే అటు పోవడమే. ఊరి నడిబొడ్డున వడక్కున్నాథన్ గుడి, దాని చుట్టూ తేక్కిన్‌కాడ్ మైదానం, మైదానం చుట్టూ స్వరాజ్ రౌండ్ అనే రోడ్డు. ఊరు మొత్తం ఆ గుండ్రం చుట్టూనే అల్లుకుంది.

నేను కొచ్చిలో సాఫ్ట్‌వేర్ జాబ్ చేస్తున్నా. 2025 మేలో ఆఫీసు ఫ్రెండ్‌తో కలిసి పూరానికి వెళ్లా. అతనిది త్రిస్సూరే. మధ్యాహ్నం గుడి ఆవరణలో రెండు వందల మందికి పైగా కళాకారుల చెండమేళం. సాయంత్రం దక్షిణ గోపురం ముందు అసలు ఘట్టం. ఒకవైపు పారమెక్కావు వాళ్ల 15 ఏనుగులు, ఎదురుగా తిరువంబాడి వాళ్ల 15. నుదుట బంగారు రంగు నెట్టిపట్టాలు, వీపుల మీద పట్టు గొడుగులు. ఇటు ఎర్ర గొడుగులు లేస్తే అటు పచ్చవి. కళ్లు మూసి తెరిచేలోగా మళ్లీ కొత్త రంగు. దీన్నే కుడమాట్టం అంటారు. నాకైతే ఒళ్లు పులకరించింది.

కానీ చూపు కిందికి దించితే కాళ్లకు గొలుసులు. పైన చెవులు ఆగకుండా ఊగుతున్నాయి. మేళానికి తాళం వేస్తున్నాయని పక్కాయన మురిసిపోయాడు. నిజానికి ఏనుగుకు చెమట పట్టడం చాలా తక్కువ. ఒంట్లో వేడిని బయటికి పంపడానికి చెవులు ఊపుతుంది.

ఈ వరుస మీదే పెద్ద కోర్టు గొడవ నడిచింది. 2024 నవంబర్‌లో కేరళ హైకోర్టు లెక్కలు కట్టి చెప్పింది: ఏనుగుకీ ఏనుగుకీ మధ్య 3 మీటర్లు, జనానికీ మేళానికీ 8 మీటర్లు, కాగడాలకు 5, బాణసంచాకు 100. ఫోన్‌లో లెక్క వేసి చూశా. ఏనుగు వెడల్పు రెండు మీటర్లు అనుకుంటే, 15 ఏనుగులు ఒకదానికొకటి ఆనుకుని నిలబడితే 30 మీటర్లు చాలు. ఖాళీలు వదిలితే 72 కావాలి. 'అప్పుడది పూరమే కాదు' అన్నాడు ఫ్రెండ్. దేవస్వంలు కూడా దాదాపు ఆ మాటతోనే సుప్రీంకోర్టుకు వెళ్లాయి. అదే ఏడాది డిసెంబర్‌లో సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది. ఇవి ఆచరణ సాధ్యం కావని, రూల్స్ రాసే పని హైకోర్టుది కాదని అంది.

దాంతో మళ్లీ 2012 నాటి రాష్ట్ర నిబంధనలే దిక్కయ్యాయి. వాటిలో మంచివి ఉన్నాయి. మదమెక్కిన ఏనుగును ఉత్సవానికి తీసుకురాకూడదు, పర్యవేక్షణకు జిల్లా కమిటీ ఉండాలి. ఏనుగుల మధ్య దూరం విషయానికి వస్తే మాత్రం 'తగినంత' అనే అర్థంతో వదిలేశారు. మా ఫీల్డ్‌లో ఇలాంటి రిక్వైర్‌మెంట్ వస్తే వెనక్కి పంపేస్తాం. నంబర్ లేనిదాన్ని టెస్ట్ చేయలేం కదా!

దూరం పాటించడం నిజంగా అసాధ్యమా? ఇదే దక్షిణ గోపురం దగ్గర 2019లో ఏం జరిగిందో చూడండి. తెచ్చికొట్టుకావు రామచంద్రన్ కేరళలో సినిమా హీరో రేంజ్ ఫ్యాన్స్ ఉన్న ఏనుగు. ఆ ఫిబ్రవరిలో గురువాయూర్ దగ్గర అది బెదిరి ఇద్దరి ప్రాణాలు పోయాయి. నిషేధం పెట్టారు. ఫ్యాన్స్ ఊరుకోలేదు. చివరికి మేలో డాక్టర్లు పరీక్షించి, కాసేపటికి మాత్రం అనుమతించారు. జనాన్ని బారికేడ్ల వెనకే ఆపారు. గోపుర ద్వారం తెరుచుకుంది, రామచంద్రన్ వచ్చింది, ఎవరికీ ఏమీ కాలేదు. అంటే భయం ఉన్నప్పుడు దూరం సాధ్యమే!

ఇదే జిల్లాలోని ఇరింజాడప్పిల్లి శ్రీకృష్ణ ఆలయం 2023లో ఏకంగా రోబో ఏనుగునే తెచ్చుకుంది. అన్ని గుళ్లూ అలా చేస్తాయని నేను అనుకోను. ఉన్న ఏనుగులకైనా ప్రభుత్వం ఒక అంకె రాసివ్వాలి. రెండున్నరో, మూడో, మైదానం కొలిచి మరీ రాయాలి.

ఇది కేరళ గొడవే అనుకోకండి. హైదరాబాద్‌లో మొహర్రం నాడు బీబీ కా ఆలం ఊరేగేదీ ఏనుగు మీదే. అక్కడికైనా ఇక్కడికైనా వెళ్లండి, కళ్లారా చూడండి. సెల్ఫీ కోసం మాత్రం బారికేడ్ దాటొద్దు. కోర్టులు తేల్చేదాకా ఆ దూరం మన చేతుల్లోనే ఉంది.