మల్లీశ్వరిలో మబ్బు

సినిమా కేవలం కాలక్షేపమని పెద్దలంటారు. వారితో వాదించడం నా ఉద్దేశం కాదు. అయితే మన సీమవాడు తీసిన ఒక చిత్రం గురించి ఈ సంచికలో నాలుగు మాటలు చెప్పాలనిపించింది.

ఆ చిత్రం 'మల్లీశ్వరి'. వాహినీవారు 1951లో విడుదల చేశారు. దర్శకులు బి.ఎన్.రెడ్డి గారిది కడప జిల్లా పులివెందుల ప్రాంతంలోని కొత్తపల్లె. తెలుగువారిలో దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం (1974) తొలుత అందుకున్నది ఆయనే.

రాజేశ్వరరావు గారి బాణీలనూ, కృష్ణశాస్త్రి గారి పాటలనూ మెచ్చుకోనివారు లేరు. నాకు మాత్రం ఆ పాటల్ని చూపిన తీరే ఎక్కువ ఆశ్చర్యం. రంగుల్లేవు. ఉన్నదల్లా వెలుగూ, నీడా, ఎ.కె.శేఖర్ గారి సెట్లూ. పాట వచ్చిందని కథ ఆగదు. ఎద్దులబండితో పాటే పాటా పరుగెత్తుతుంది, మబ్బు కమ్ముతుంది, వాన పడుతుంది. పాడుబడిన మంటపంలో తలదాచుకున్న మల్లి నాట్యం చేస్తే మారువేషంలోని రాయలవారు చూస్తారు. బావ నాగరాజు తమాషాకు పల్లకీ పంపమంటాడు. ఆ పల్లకీయే వచ్చి ఇద్దర్నీ విడదీస్తుంది. వాన పడకపోతే కథే లేదు! విడిపోయాక ఇద్దరూ మబ్బుతోనే మొర పెట్టుకుంటారు.

మబ్బుకేసి అంత ఆశగా చూడటం మన సీమవాళ్ళకు ఒకరు నేర్పాలా? టూరింగ్ టాకీసులో నేల టిక్కెట్టుకు ఈ సినిమా చూసిన మా జేజినాయన, "వాన చూడల్లంటే మల్లీశ్వరికి పోవల్లరా అబ్బీ" అనేవాడు. నవ్వులాటకే అన్నా అందులో కరువు ఉంది.

వాహినీ స్టూడియో శబ్దగ్రహణ శాఖలో కొలువు మొదలుపెట్టిన కె.విశ్వనాథ్ గారు 1980లో 'శంకరాభరణం' తీశారు. అందులోనూ పాటే కథను నడిపిస్తుంది. మల్లీశ్వరి వేసిన బాట అంతదూరం సాగిందని నా నమ్మకం.

మరి మన నేల సంగతి? 1999లో 'సమరసింహారెడ్డి' ఆడిన తర్వాత సీమ అంటే వేటకొడవళ్ళూ, నాటుబాంబులూ, సుమోలే అయిపోయాయి. హాస్టల్లో కోస్తా మిత్రుడొకడు "మీ ఇంట్లో ఎన్ని బాంబులున్నాయిరా?" అని నన్ను నిజంగానే అడిగాడు. కక్షలు లేవని నేననను. ఉన్నవి అవొక్కటే కాదంటాను. మనల్ని ఇతరులు చూపినట్టే మనమూ చూసుకోవడం మొదలైతే, అది కరువుకన్నా పెద్ద నష్టం.

ఇప్పుడు ప్రతి విద్యార్థి జేబులోనూ కెమెరా ఉంది. గండికోట లోయ ఉంది, తుంగభద్ర ఒడ్డు ఉంది, శెనగచేను గట్టున నిలబడి ఆకాశం చూసే రైతు ఉన్నాడు. మిత్రులారా, మీలో ఒక్కరైనా ఆ రైతు వైపు కెమెరా తిప్పండి.