పొగలు చిమ్మే నేలపై ఒక పగలు

ఐస్‌లాండ్ ద్వీపపు ఉత్తర తీరాన ఏయాఫ్యోర్ధుర్ అనే ఇరుకైన సముద్రపు పాయ సుమారు 60 కిలోమీటర్ల దూరం కొండల నడుమకు చొచ్చుకొని వస్తుంది. దాని చివర ఆకురేరి పట్టణం ఉంది. జనాభా 20 వేలకు అటూ ఇటూ. మన లెక్కలో చిన్న మండల కేంద్రమంత. ఆ దేశంలో నైరుతి మూలను మినహాయిస్తే ఇదే పెద్ద ఊరు. వేసవిలో ప్రయాణికుల ఓడలు ఉదయం ఇక్కడ లంగరు వేసి, సాయంత్రానికి వెళ్లిపోతాయి. మధ్యనున్న ఏడెనిమిది గంటలలో ప్రయాణికులను బస్సులెక్కించి అగ్నిపర్వతాల నేలనూ, జలపాతాలనూ చూపించి తీసుకురావడం ఇక్కడ ఒక పెద్ద వ్యాపారం.

బ్రిటన్‌లో స్థిరపడిన మా అబ్బాయి పట్టుబట్టి ఓడ టికెట్లు తీయగా, మొన్న జూన్ మధ్యలో మేమూ అటువంటి ఒక బస్సు ఎక్కాము. మేమంటే మా దంపతులం, కొడుకు, కోడలు, ఇద్దరు మనుమలు, డెబ్భై రెండేళ్ల మా అమ్మీ. ఉదయం ఎనిమిదిన్నరకు బయలుదేరి నాలుగున్నరకు తిరిగి రావాలి. ఆరింటికి ఓడ కదులుతుంది. ఓడవారే ఏర్పాటు చేసిన బస్సయితే ఆలస్యమైనా సాధారణంగా ఓడ ఆగుతుంది. సొంతంగా కారు మాట్లాడుకొని వెళ్లినవారి కోసం ఆగదు. పెద్దవారు వెంట ఉన్నప్పుడు కొంత ఖర్చెక్కువైనా మొదటి దారే మేలని మా అభిప్రాయం.

బస్సు ఊరు దాటగానే కొండ కింద సొరంగంలోకి ప్రవేశించింది. పొడవు 7 కిలోమీటర్లకు పైనే. దీనిని తవ్వుతున్నప్పుడు లోపల రాతి పగుళ్లలోనుండి వేడినీరు ఎగదన్నిందట. ఒక వైపున పనివారు ఆవిరిలో చెమటలు కక్కుతూ పనిచేయవలసి వచ్చింది. అందువల్ల పని ఏళ్ల తరబడి సాగి, చివరకు 2018 డిసెంబరులో దారి తెరిచారు. బయట మంచుకొండలు, లోపల వేడినీళ్లు! ఆ దేశం స్వభావమంతా ఆ సొరంగంలోనే తెలిసిపోతుంది.

మొదటి మజిలీ గోదాఫోస్ జలపాతం. ఎత్తు 12 మీటర్లే, అంటే నాలుగంతస్తుల మేడంత. వెడల్పు సుమారు 30 మీటర్లు. గుర్రపు నాడా ఆకారంలో వంగిన నల్లరాతి అంచుమీదుగా నది అనేక పాయలుగా దూకుతుంది. వాట్నాయోకుల్ మంచుమైదానం కరిగి వచ్చే నీరు కాబట్టి పాలు కలిపిన నీలం రంగులో ఉంటుంది. ఎత్తు చూసి చిన్నదనుకునేవారు దగ్గరకు వెళ్లి నిలబడితే మాట్లాడుకోలేరు, ఆ హోరు అటువంటిది.

ఈ జలపాతానికి ఆ పేరు రావడం వెనుక ఒక కథ ఉంది. క్రీ.శ. 1000 ప్రాంతంలో ఐస్‌లాండ్ ప్రజలు పాత దేవతలను కొలిచేవారు, క్రైస్తవాన్ని స్వీకరించినవారు అని రెండుగా చీలిపోయి యుద్ధానికి సిద్ధమయ్యారు. అప్పుడు వారి ప్రజాసభలో చట్టాన్ని చదివి వినిపించే పెద్ద థోర్‌గేర్. ఆయన పాత మతస్థుడే. తీర్పు చెప్పే బాధ్యతను ఇరుపక్షాలూ ఆయనకే అప్పగించాయి. ఆయన తన డేరాలో ఒక దుప్పటి కప్పుకొని ఒక పగలు, ఒక రాత్రి ఎవరితోనూ మాట్లాడకుండా పడుకున్నాడు. మరునాడు లేచి, అందరికీ ఒకే చట్టం, ఒకే మతం ఉండాలనీ, లేకుంటే దేశంలో శాంతి చీలికలవుతుందనీ, ఇకపై అందరూ క్రైస్తవులేననీ తీర్పు చెప్పాడు. ఇంటిలో ఎవరికీ కనబడకుండా పాత పూజలు చేసుకోవడాన్ని మాత్రం అప్పటికి అనుమతించాడు. ఇంతవరకూ పాత గ్రంథాలలో ఉన్నది. తిరుగు ప్రయాణంలో తన విగ్రహాలను ఈ జలపాతంలో పడవేశాడన్నది మాత్రం చాలా తరువాత, 19వ శతాబ్దంలో ప్రచారంలోకి వచ్చిన గాథ. మా గైడమ్మ ఈ తేడాను దాచకుండా చెప్పడం మాకు నచ్చింది.

విగ్రహాల మాట వినగానే మా మనుమడు హజ్రత్ ఇబ్రాహీమ్ (అలైహిస్సలామ్) ప్రస్తావన తెచ్చాడు. బడిలో చదువుకున్న పాఠం అటువంటి చోట గుర్తుకు రావడం సహజమే. మమ్మల్ని ఎక్కువగా ఆకట్టుకున్నది మాత్రం విగ్రహాల సంగతి కాదు, ఆ దుప్పటి సంగతి. కత్తులు దూసి నిలబడిన రెండు గుంపుల మధ్య, తీర్పు చెప్పవలసినవాడు తొందరపడకుండా ఒక రాత్రంతా ఆలోచించడం, ఆ తీర్పు తన పక్షానికే వ్యతిరేకమైనా పలకడం, జనం దానికి కట్టుబడడం. ఇవి ఏ దేశంలోనైనా అరుదుగా జరిగే పనులు.

అక్కడినుండి మీవాత్న్ సరస్సు ముప్పావు గంట ప్రయాణం. ‘మీ’ అంటే దోమవంటి చిన్న పురుగు, ‘వాత్న్’ అంటే నీరు. పేరు అబద్ధం కాదు. బస్సు దిగగానే నల్లని పొగలాగా ముసురుకున్నాయి. చాలావరకు కుట్టనివే గానీ ముక్కులోకి, నోటిలోకి దూరుతాయి. తోటి ప్రయాణికులు తలకు తొడుక్కునే వలలు కొనుక్కుంటుంటే, నిఖాబ్ ధరించిన మా కోడలు హాయిగా నడిచింది. ఓడలో రెండు రోజులుగా ఆమె వైపు వింతగా చూస్తున్న ఒక పెద్దావిడ దగ్గరకు వచ్చి, “ఇది ఎక్కడ దొరుకుతుంది?” అని నవ్వుతూ అడిగింది. ఆ తరువాత ఓడ దిగేవరకూ వారిద్దరూ స్నేహితురాళ్లే.

ఆ పురుగులే సరస్సుకు ప్రాణం. వాటిని తిని చేపలు, బాతులు బతుకుతాయి. సరస్సు విస్తీర్ణం 37 చదరపు కిలోమీటర్లయినా లోతు ఎక్కడా నాలుగైదు మీటర్లకు మించదు. సుమారు 2,300 ఏళ్ల క్రితం ఇక్కడ పెల్లుబికిన లావా నదీమార్గాన్ని మూసివేయగా ఏర్పడినది. ఆ లావా చిత్తడి నేలమీద పారినప్పుడు కింద చిక్కుకున్న నీరు ఒక్కసారిగా ఆవిరై పైకి పేలింది. స్కూటుస్తాదిర్ వద్ద గట్టున కనిపించే గుండ్రని గుంటల దిబ్బలన్నీ అలా ఏర్పడినవే. చూడడానికి చిన్న అగ్నిపర్వతాల్లా ఉంటాయి గానీ వాటి కింద శిలాద్రవం వచ్చే దారి ఏదీ లేదు. ఇప్పుడు పచ్చగడ్డి మొలిచి, గొర్రెలు మేస్తున్నాయి.

దిమ్ముబోర్గిర్ అంటే చీకటి కోటలు. అదే లావా ఇక్కడ ఒక మడుగులా నిలిచింది. అడుగున ఉన్న తడినుండి ఆవిరి గొట్టాలుగా పైకి తన్నుకు వచ్చిన చోట్ల దాని చుట్టూ లావా చల్లబడి స్తంభాలుగా బిగుసుకుంది. తరువాత గట్టు తెగి మిగిలిన ద్రవమంతా పారిపోయింది, స్తంభాలు నిలిచిపోయాయి. వాటి నడుమ బాటలు వేసి, రంగు కర్రలతో గుర్తులు పెట్టారు. బాట దాటి నాచు మీద అడుగు పెట్టవద్దని గైడమ్మ పదేపదే హెచ్చరించింది. తొక్కిన నాచు తిరిగి రావడానికి దశాబ్దాలు పడుతుంది. అయినా ఫొటోల కోసం దాటినవారు మా బస్సులోనే ఉన్నారు. ఒకే గంటలో పదిహేను బస్సులు దిగితే ఏ నేలయినా ఎంతవరకు తట్టుకుంటుంది?

చేతికర్ర పట్టుకొని నెమ్మదిగా నడుస్తున్న అమ్మీ ఒక స్తంభం దగ్గర ఆగి, రాతిని అరచేతితో తడిమింది. “ఇది మన పంగిడి రాయి కదరా!” అంది. మేము మొదట నవ్వాము. కానీ ఆమె మాటలో నిజం ఉంది. మాది గోదావరి గట్టు. మా ప్రాంతపు రోడ్లన్నిటికీ పంగిడి, గౌరీపట్నం క్వారీల నల్లకంకరే వస్తుంది. అదీ బసాల్టు రాయే. సుమారు 6 కోట్ల 60 లక్షల ఏళ్ల క్రితం దక్కన్‌ను ముంచెత్తిన లావా ప్రవాహాలతో ముడిపడినది. తెలంగాణ పశ్చిమ భాగపు నల్లరేగడి కూడా అటువంటి రాయి అరిగి ఏర్పడినదే. అంటే ఇక్కడ ఈ ప్రజలు ఇప్పుడు అనుభవిస్తున్నది ఒకనాడు మన నేల కూడా అనుభవించింది, చూసేందుకు మనుషులు లేని కాలంలో.

భోజనానికి సరస్సు ఒడ్డున ఆగారు. మాంసం జోలికి మేము వెళ్లలేదు. సరస్సులో పట్టిన ట్రౌట్ చేపను ఎండిన గొర్రెపేడ పొగలో మాగబెట్టి ఇస్తారు. ఆ మాట విని పిల్లలు ముఖం చిట్లించారు గానీ, పిడకల దాలిమీద కాగిన పాలు తాగి పెరిగిన అమ్మీకి అందులో వింతేమీ కనిపించలేదు. దానితోపాటు రై రొట్టె. పిండిని డబ్బాలో మూసి వేడి నేలలో పాతిపెట్టి, సుమారు ఒక రోజు తరువాత తవ్వి తీస్తారు. నల్లగా, తీయగా, బెల్లం వేసిన దిబ్బరొట్టెలా ఉంటుంది.

జుహ్ర్ అక్కడే చేసుకున్నాము. ఆ ఊరిలో సూర్యుడు నడినెత్తికి వచ్చేది గడియారం ప్రకారం ఒంటిగంటా పదమూడు నిమిషాల ప్రాంతంలో. ఖిబ్లా దిశ చూస్తే తూర్పు, కొద్దిగా దక్షిణానికి మొగ్గు. పుట్టినప్పటినుండి పడమటికి తిరిగి నమాజ్ చేసిన అమ్మీ తూర్పుకు నిలబడడానికి ఒక క్షణం తటపటాయించింది. భోజనశాలవారు వెనుకగదిలో చోటు చూపించారు. ముసాఫిర్లము గనుక రెండు రకాతులు ఖస్ర్ చేసి, బస్సు వేళకు సిద్ధమయ్యాము.

అసలు చిక్కు పగటి నమాజులది కాదు. జూన్ మధ్యలో ఆకురేరిలో సూర్యుడు అస్తమించేది రాత్రి ఒంటిగంట ప్రాంతంలో. కొద్దిసేపటికే మళ్లీ ఉదయిస్తాడు. మధ్యలో చీకటి పడదు. సంధ్యకాంతి పూర్తిగా పోనిదే ఇషా ఎప్పుడు? ఫజ్ర్ ఎప్పుడు? అమ్మీ రెండు రాత్రులుగా నిద్రపోకుండా ఓడ కిటికీ దగ్గర కూర్చుని చీకటి కోసం ఎదురుచూసింది. తన నమాజులు పోతున్నాయేమోనన్నది ఆమె దిగులు. ప్రయాణానికి ముందే మేము మా ఊరి ఆలిమ్ గారిని అడిగాము. దజ్జాల్ కాలంలో ఒక రోజు సంవత్సరమంత ఉంటుందని విన్న సహాబాలు ఆ రోజు నమాజుల సంగతి అడిగినప్పుడు, దైవప్రవక్త (స) సమయాన్ని అంచనా వేసుకొమ్మని చెప్పారనీ, దాని ఆధారంగానే ఉత్తర దేశాల విద్వాంసులు సంధ్య గుర్తులు కనిపించే సమీప ప్రాంతపు వేళలను అనుసరించడం వంటి మార్గాలు సూచించారనీ ఆయన వివరించారు. వేళల పట్టిక రాసుకొని తెచ్చుకున్నాము. ఈ విషయంలో అభిప్రాయభేదాలున్నాయి గనుక, వెళ్లేవారు తమ ఆలిమ్‌ను ముందే అడిగి వెళ్లడం మంచిది. పట్టికను నమ్మడానికి అమ్మీకి కొంత సమయం పట్టింది. కళ్లతో చూడని రాత్రిని కాగితంలో చూసి నమ్మడం ఆ వయసువారికి తేలిక కాదు.

మధ్యాహ్నం చూసిన క్వేరిర్ ఆ రోజంతటికీ శిఖరం. కొండ దిగువన చెట్టు లేని, గడ్డి లేని పసుపు, ఎరుపు, బూడిద రంగుల నేల. రాళ్ల కుప్పలలోనుండి ఆవిరి ఈలలు వేస్తూ ఎగసిపడుతుంది. గుంటలలో బూడిదరంగు బురద అంబలిలా కుతకుతలాడుతుంది. కుళ్లిన గుడ్ల వాసన. లోతుకు ఒక కిలోమీటరు తవ్వితే 200 డిగ్రీలకు మించిన వేడి. ఒకప్పుడు ఇక్కడి గంధకాన్ని తవ్వి ఐరోపా రాజుల తుపాకీమందు కోసం ఎగుమతి చేశారు. తాళ్లు కట్టిన హద్దు దాటితే పైపొర విరిగి కాలు కాలిపోతుంది గనుక పిల్లల చేతులు వదలకూడదు.

పక్కనే క్రాప్లా అగ్నిపర్వతం. 1724 నుండి 1729 వరకు ఇక్కడ లావా విడతలు విడతలుగా ఎగజిమ్మింది. 1729లో అది రేక్యాహ్లీద్ గ్రామంలోకి పారి ఇళ్లను మింగేసింది. చర్చి ప్రహరీ దగ్గర రెండుగా చీలి పక్కలకు సాగిపోయింది. ఆ గడ్డకట్టిన నల్లని ప్రవాహం నేటికీ గోడ పక్కనే ఉంది. మళ్లీ 1975 నుండి 1984 వరకు తొమ్మిది విస్ఫోటనాలు. భూగర్భ వేడితో విద్యుత్తు తీసే కేంద్రాన్ని అప్పుడే నిర్మిస్తున్నారు. 1977లో ఆవిరి కోసం తవ్విన ఒక బోరుబావి గుండానే కొంత లావా పైకి వచ్చిందంటే నమ్మశక్యం కాదు. అయినా పని ఆపలేదు. ఆ కేంద్రం నేడు 60 మెగావాట్ల విద్యుత్తు ఇస్తున్నది. 

“మీకు భయం లేదా?” అని మా ఆవిడ గైడమ్మను అడిగింది. దేశపు దక్షిణాన 1783లో లాకీ పగుళ్లనుండి ఎనిమిది నెలలపాటు లావా, విషవాయువులు వెలువడి, పశువులు చచ్చి, కరువు వచ్చి, దేశ జనాభాలో అయిదవ వంతు మరణించిన సంగతి ఆమె చెప్పింది. తమ ఇళ్లను వేడిచేసేదీ, తమ రొట్టెను కాల్చేదీ ఆ నిప్పే అని కూడా చెప్పింది. గోదావరి వరదలలో పెరిగిన మాకు ఆ సమాధానం అర్థమైంది.

చివర బస్సును వేడినీటి స్నానాల కొలను దగ్గర ఆపారు. స్త్రీ పురుషులు కలిసి దిగే చోటు గనుక మేము దిగలేదు. ఆ గంటసేపు బయట బల్లమీద కూర్చుని, మిగిలిన రై రొట్టెను ఫ్లాస్కులోని చాయ్‌లో ముంచుకొని తిన్నాము. వెళ్లదలచినవారికి రెండు మాటలు. జూన్‌లోనూ చలిగా ఉండవచ్చు కాబట్టి గాలి దూరని పైకోటు, జారని బూట్లు తప్పనిసరి. వుజూ నీళ్లు మంచులా ఉంటాయి గనుక తోలు మేజోళ్లు తొడుక్కొని వెళితే ముసాఫిర్‌కు మూడు రోజుల వరకు మసహ్ సరిపోతుంది. క్వేరిర్ దగ్గర వేసుకున్న బట్టలను విడిగా సంచిలో కట్టండి, ఆ వాసన పెట్టెలోని మిగతా బట్టలకూ పడుతుంది. మా పెట్టె నిడదవోలు చేరి వారమైనా మూత తీస్తే ఇంకా గంధకమే!