నాగావళిని చదువుట

సోదరీమణులారా! నదీతీరమున బుట్టి పెరిగియు, ఏబదియైదేండ్లు వచ్చువరకు నదిని జూడలేదని మేము చెప్పినచో మీరు నవ్వుదురేమో. శ్రీకాకుళములో మా పుట్టినింటి వీథి నాగావళి రేవున ముగియుచుండెను. ఆ నీటిలో స్నానములు చేసితిమి, బట్టలుతికితిమి, కార్తికమాసమున దీపములు విడిచితిమి. కాని ఆడుపిల్లలు మోకాలిబంటి నీటిని దాటరాదని పెద్దల యాజ్ఞ. మగపిల్లలకు ఆ యాజ్ఞ లేదు. వేసవి సెలవులలో వారు ఈత నేర్చుచుండగా మేము గట్టున గూర్చుండి వారి బట్టలకు గాపుంటిమి.

మాకు పదునొకండేండ్ల ప్రాయమున, ఒక కార్తికపౌర్ణమినాటి వేకువను, మా ప్రక్కయింటి నేస్తురాలు దీపము విడుచుచు మెట్టు జారి నీట బడినది. రేవున ఇరువదిమంది స్త్రీలముంటిమి. అందరికిని కేకలు వేయుట వచ్చును. ఒక్కరికిని ఈత రాదు. మగవారు పరుగున వచ్చునప్పటికి ఆలస్యమైపోయెను. ఆ మరునాటినుండి మాకు మోకాలిబంటి నీరు చీలమండబంటి నీరైనది. నీటియెడ భయమే ఆడుదానికి రక్షయని మేమును నమ్మితిమి. మా యింటి ఆడుపిల్లలకు దానినే నేర్పితిమి.

అట్టి మా యింటనే మా యన్నగారి కుమార్తె ఉద్యోగమునకై ఉత్తరదేశమునకు బోయి, ఋషీకేశము చెంత గంగలో కయాకు నడుపుట నేర్చికొని వచ్చినది. కయాకనగా ఉత్తరధ్రువప్రాంతపు ఇన్యూట్ జనులు సీలుచర్మములతో గట్టుకొనిన వేటపడవ. నేడు నదులలో దిగువారు దానిని ప్లాస్టిక్కుతో జేసికొనుచున్నారు. ఒక్కరే కాళ్లు చాచి కూర్చుండి, రెండు కొనలను ఱెక్కలుగల తెడ్డుతో నడుపవలెను. పోయిన పుష్యమాసమున నీరు తగ్గియున్నప్పుడు ఆమె, "అత్తా! మన నాగావళిని పైనుండి చూచుకొనుచు వత్తము, రమ్ము" అని పిలిచినది. "నీవు వెంటనుండి దానిని నీట దిగనీయకుము" అని వదినెగారు మమ్ము గావలి పంపిరి. పడవ నడుపనేర్చిన మఱి యిద్దరు స్నేహితురాండ్రును తోడు వచ్చిరి. ఒంటరిగా దిగుట ఈ విద్యలో నిషిద్ధమట.

నాగావళి ఒడిస్సాలోని కాలాహండి కొండలలో బుట్టి, సుమారు 256 కిలోమీటర్లు ప్రవహించి, కళ్లేపల్లి వద్ద సముద్రమున గలియును. బలరాముడు తన నాగలితో గీచిన చాలే యీ నదియనియు, దీని తీరమున ఆయన యైదు శివలింగములను ప్రతిష్ఠించెననియు పెద్దలు చెప్పుదురు. రాయగడ చెంత పాయకపాడు, పిమ్మట గుంప, సంగాము, శ్రీకాకుళము, కళ్లేపల్లి, ఇవియే ఆ యైదు క్షేత్రములు. వానిని దర్శించు మిషతో విజయనగరమునుండి పార్వతీపురము మీదుగా రాయగడ చేరితిమి.

రాయగడకు సమీపమున హాథిపథరమను చోట, ఏనుగులను బోలిన రెండు పెనుబండల నడుమ నది నురుగులు గ్రక్కుచు దుముకును. ఆ హోరు విన్నంతనే మా కాళ్లు వణకినవి. ఏమి చెప్పి పిల్లను ఆపుదుమాయని మేము యోచించుచుండగా, ఆమె యొక ఱాతిపై గూర్చుండి గంటసేపు నీటిని జూచుచుండెను. పిమ్మట పడవను భుజమున కెత్తుకొని గట్టువెంట దిగువకు నడచినది.

"దిగవా?" అని యడిగితిమి.

"దిగను, అత్తా. ఆ బండ క్రిందుగా నీరెటు పోవుచున్నదో నాకు గానరాలేదు. కానరాని చోట దిగరాదు."

మేము తెల్లబోతిమి. సాహసమన్న కన్నులు మూసికొని దూకుటయని యింతవఱకు మా యెఱుక. నీటివడిని ఆఱు తరగతులుగా లెక్కింతురనియు, మొదటిది చిఱుతరగలనియు, ఆఱవది ఆఱితేఱినవారికిని ప్రాణసంకటమనియు, తన తరగతి యేదో యెఱుగుటయే మొదటి పాఠమనియు ఆమె చెప్పినది.

జంఝావతి నాగావళితో గలియు గుంప సోమేశ్వరుని చెంతకు వచ్చునప్పటికి నీరు నెమ్మదించినది. అచ్చట నొక ముసలి పడవవాడు నాటుపడవపై మమ్ము నెక్కించుకొనెను. తేలుడుచొక్కా తొడిగికొని, పదునొకండవయేటి తర్వాత మొదటిసారి మోకాలిబంటి నీరు దాటితిమి. నీటిపై నాలుకవలె నునుపైన దారి దిగువకు సన్నగిల్లుచు బోయినచో అది త్రోవయనియు, ఆ మొన యెగువకు దిరిగియున్నచో దానిక్రింద ఱాయున్నదనియు మా మేనకోడలు చూపినది. పడవవాడు నవ్వి, "మా అయ్య నాకూ అదే సెప్పినాడు తల్లీ. నీరు ముడత పడ్డాది సూడండి, దానికింద రాయుంది" అనెను. పెద్దఱాతి చాటున నీరు వెనుకకు దిరుగునని, అలసినవారు అచ్చట నాగి ఊపిరి తీసికొనవచ్చునని ఇద్దరును ఒక్కమాటయే చెప్పిరి. ఒకరిది గంగలో నేర్చిన చదువు, ఒకరిది తండ్రి చెప్పిన చదువు.

అంతలో ఆమె పడవ తలక్రిందైనది. మా కన్నులకు ఆనాటి రేవే కట్టినట్లయ్యెను. గొంతునుండి కేకయైనను రాలేదు. మూడు లెక్కించులోపల ఆమె తెడ్డుతో నీటిని ద్రోసి, పడవతో గూడ పైకి దిరిగి, జుట్టు విదిలించుకొనుచు నవ్వినది. కావలెననియే తిరుగవైచినదట! మేమేడ్చితిమి. ఎందులకో ఆమెకు దెలియదు.

ఆ సాయంకాలము ఇసుకలో గూర్చుండి ఆమె యొక సంగతి చెప్పినది. తెల్లనీటి పడవపందెములు ఒలింపిక్ క్రీడలలో 1972లో మ్యూనిక్ నగరమున మొదలైనవట. అప్పుడు మగవారికి కయాకును, మోకరిల్లి ఒంటిఱెక్క తెడ్డుతో నడుపు కెనోయును రెండును గలవు, స్త్రీలకు కయాకొక్కటియే. స్త్రీల కెనోయు పందెము 2021లో టోకియోలో గాని రాలేదు. అందు మొదటి స్వర్ణము ఆస్ట్రేలియాకు జెందిన జెస్సికా ఫాక్సుకు వచ్చినది. ఆమెకు శిక్షణ యిచ్చినది కన్నతల్లియే. ఆ తల్లి మిరియం 1996లో అట్లాంటాలో ఫ్రాన్సు పక్షమున కయాకునందు కాంస్యము గొన్నది. ఆ తల్లి కూతునకు నీటిని నేర్పినది. మేము మా పిల్లలకేమి నేర్పితిమో తలచుకొని ఆ రాత్రి నిద్రపోలేదు.

సంగాములో వేగావతీ సువర్ణముఖులు నాగావళిని గలియుట చూచి, దిగువకు సాగితిమి. నారాయణపురము ఆనకట్టకు చాల దూరముననే ఆమె పడవను గట్టెక్కించినది. ఆనకట్టపై నీరు పరదావలె జాఱుట మా కన్నులకు సొగసుగా నుండెను. "అత్తా! ఇట్టిచోటు హాథిపథరముకన్న చెడ్డది. క్రింద బడిన నీరు పైపైన మరల గోడవైపే తిరుగును. తేలుడుచొక్కా యున్నను మనిషిని విడువదు" అనినది. ఇట్టి చోట్ల పిల్లలు జలకములాడుటను మీరు చూచియే యుందురు. మఱియొక మాట: మన యేళ్లు పొడవైనవి కావు, కొండలనుండి దిగునవి. ఇచ్చట ఆకాశము నిర్మలముగా నున్నను, అచ్చటి వాన కొన్ని గంటలలో మన రేవున కెక్కును. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస చెంత తీరము దాటిన పిమ్మట వంశధార పొంగిన పొంగును మనవారు మఱచియుండరు.

శ్రీకాకుళమున కోటేశ్వరుని దర్శించి, ఆనాటి రేవునకు బోతిమి. ఆ మెట్టుపై గూర్చుండి, నలువదినాలుగేండ్లుగా నెవ్వరితోను జెప్పని మాటను మా మేనకోడలికి జెప్పితిమి. ఆమె చాలసేపు మా చేయి పట్టుకొని యూరకుండెను. పిమ్మట, "ఈత నేర్చుకొందువా, అత్తా?" అనినది.

నేర్చుకొనుచున్నాము. ఇప్పటికి పది బారల దూరము పోగలుగుచున్నాము. కావలి పంపిన వదినెగారును గత మాసమునుండి మాతో వచ్చుచున్నారు.

సోదరీమణులారా! మీరందరును నురుగునీటిలో పడవలు నడుపవలెనని మేము కోరము. మీ పిల్లలకు ఈత నేర్పుడు. వీలైనచో మీరును నేర్వుడు. కార్తికదీపములకు బోవునప్పుడు పొడవైన త్రాడొకటియు, మూత బిగించిన ఖాళీ డబ్బా యొకటియు వెంట గొనిపొండు. ఎవరైనను పడినచో ఈత రానివారు దూకక, వానినే విసరుడు. పాఱునీటిలో బడినవారు వెంటనే నిలువబడ జూడరాదు, పాదము ఱాళ్లలో జిక్కును. వెల్లకిల తేలి, కాళ్లు దిగువకు బెట్టి, మెల్లగా గట్టువైపు జరుగవలెను. వచ్చు పౌర్ణమికి మా రేవున మేమును మెట్టుపై నుందుము, చేత త్రాడుతో.