తిరువయ్యారులో ఒక పూట

మా అమ్మకు రెండేళ్ళ క్రితం పక్షవాతం వచ్చింది. కాలూ చెయ్యీ కొంత తేరుకున్నాయి గాని మాట పోయింది. మనం చెప్పింది చాలావరకు అర్థమవుతుంది. తిరిగి చెప్పబోతే "అది... అది..." అనే ఒక్క మాటే వస్తుంది. మేము నాలుగు తరాలుగా కోయంబత్తూరులో ఉంటున్న వాళ్ళం. వీధిలో, ఆఫీసులో తమిళం. ఇంట్లో పూర్తిగా తెలుగు మాట్లాడే మనిషి అమ్మ ఒక్కతే. ఆమె మాట పోవడంతో మా ఇంట్లో తెలుగు కూడా సగం మూగబోయింది.

ఒక సాయంత్రం మా ఆవిడ వంటింట్లో శ్రీరాగ పంచరత్నం కూనిరాగం తీస్తోంది. ముందుగదిలో నుంచి అమ్మ అందుకుంది. మాటలతో సహా! మేమిద్దరం పరుగెత్తుకు వచ్చాం. పల్లవి పూర్తిచేసి, "అది... అది..." అని నవ్వింది.

డాక్టరుగారు ఆశ్చర్యపోలేదు. మాటకు సంబంధించిన భాగాలు చాలామందికి మెదడు ఎడమవైపున ఉంటాయట. పాటకు కుడివైపు కూడా పనిచేస్తుందట. అందుకే మాట పోయినవాళ్ళలో కొందరు పాత పాటలు పాడగలరట. రాగం తీయించి మాట పలికించే చికిత్స ఒకటి 1973లోనే అమెరికాలో రూపొందించారని చెప్పారు.

నేను కామర్సు చదివినవాణ్ణి. సంగీతశాస్త్రం నాకు దూరం. అయినా ఆ రాత్రి పుస్తకాలు తిరగేశాను. 13వ శతాబ్దంలో దేవగిరి యాదవుల కొలువులో ఉన్న శార్ఙ్గదేవుడు 'సంగీత రత్నాకరం'లో నాదం ఎలా పుడుతుందో చెప్పాడు. ఆత్మకు పలకాలని కోరిక పుడితే అది మనసును కదుపుతుంది. మనసు ఒంట్లోని అగ్నిని తాకుతుంది. అగ్ని వాయువును తోస్తుంది. ఆ వాయువు నాభి, హృదయం, కంఠం, శిరస్సు, నోరు అనే చోట్ల నాదమవుతుంది. త్యాగరాజస్వామి జగన్మోహిని రాగ కృతిలో సప్తస్వరాలు వెలిగే చోట్లు చెప్పింది కూడా ఈ లెక్కలోనే. అంటే మన పెద్దల దృష్టిలో నాదం చెవికి సంబంధించినది మాత్రమే కాదు, లోపలి మనిషి బయటికి వచ్చే దారి.

అమ్మను ఒకసారి తిరువయ్యారు తీసుకువెళ్ళాలనిపించింది. ఆరాధన పుష్య బహుళ పంచమి నాడు. ఆ జనంలో అమ్మ తట్టుకోలేదు. అందుకని ఒక నెల ఆగి బయలుదేరాం. రాత్రి రైలెక్కి తెల్లవారుజామున తంజావూరులో దిగాం. అక్కణ్ణించి సుమారు 13 కిలోమీటర్లు. వడవారు, వెణ్ణారు, వెట్టారు, కుడమురుట్టి, కావేరి దాటాలి. ఐదు ఏరులున్న ఊరు గనుకనే ఆ పేరు. మా అబ్బాయి వంతెనలు లెక్కపెడుతుంటే అమ్మ కూడా వేళ్ళు మడిచింది.

సమాధి కావేరి గట్టునే ఉంది. త్యాగరాజస్వామి 1767లో తిరువారూరులో పుట్టి, 1847లో ఇక్కడ సిద్ధి పొందారు. ఇంటిపేరు కాకర్ల. మనలాగే ఎప్పుడో ఇటు వచ్చి స్థిరపడిన కుటుంబం. ఈ మందిరం బెంగుళూరు నాగరత్నమ్మగారి చలవ. 1920లలో సొంత సొమ్ము పెట్టి కట్టించారు. ఆ రోజుల్లో ఆరాధనలో ఆడవాళ్ళను పాడనిచ్చేవారు కాదు. ఆమె పట్టు విడవలేదు, ఆడవాళ్ళతో వేరే ఆరాధన జరిపించారు. 1940ల మొదట్లో అందరూ కలిసి పాడే రోజు వచ్చింది. 1952లో కన్నుమూసిన ఆమెకు స్వామి ఎదుటనే చోటు దొరికింది. ఆమె కథ చెబుతుంటే అమ్మ ఆ విగ్రహానికి కూడా చేతులు జోడించింది.

మా ఆవిడ మెల్లగా శ్రీరాగం ఎత్తుకుంది. అమ్మ పెదవి కదపలేదు. రెండోసారి, మూడోసారి కూడా అంతే. ఇంత దూరం వచ్చింది ఇందుకేనా అని నాకు మనసు చివుక్కుమంది.

మధ్యాహ్నం గుడి మూసేలోగా అయ్యారప్పర్ కోవెలకు వెళ్ళాం. స్వామి పంచనదీశ్వరుడు, అమ్మవారు ధర్మసంవర్ధని. దక్షిణ ప్రాకారంలో ఒక చోట నిలబడి పిలిస్తే పిలుపు ఏడుసార్లు తిరిగి వస్తుందని ప్రతీతి. ఇందులో మాయ లేదు. గోడ 17 మీటర్లకు పైగా దూరంలో ఉంటే తిరిగి వచ్చే శబ్దం మన చెవికి విడిగా వినిపిస్తుంది. మా అబ్బాయి "అయ్యారా!" అని అరిచాడు. నేను లెక్కపెడితే నాలుగే తేలాయి, వాడు ఆరన్నాడు.

నేనూ పిలవబోయాను. నోటికి ఏమీ తోచక "అమ్మా!" అన్నాను.

గోడలు "అమ్మా, అమ్మా" అన్నాయి. నా వెనక చక్రాల కుర్చీలో ఉన్న అమ్మ ఒక్కో పిలుపుకూ "ఆఁ" అంది. పిలుపు ఆగేదాకా అంటూనే ఉంది. రెండేళ్ళుగా వినని మాట అది. చిన్నప్పుడు వీధిలోంచి పిలిస్తే వంటింట్లోంచి పలికే మాట.

అది పెద్ద విశేషమని నేననను. ఇంటికి వచ్చాక మళ్ళీ "అది... అది..." మాత్రమే. కాని తిరుగు రైల్లో నిద్రపట్టక ఒక సంగతి ఆలోచించాను. అమ్మ చిన్నతనంలో ఎవరో నేర్పిన కీర్తనలు ఆమె లోపల భద్రంగా ఉన్నాయి కాబట్టి ఇవాళ అక్కరకు వచ్చాయి. రేపు నాకే ఆ గతి పడితే, నా లోపల తెలుగులో నిలవ ఏముంది? మా అబ్బాయికి నేను జమ చేసింది ఏముంది?

ఇప్పుడు రోజూ సాయంత్రం అమ్మ దగ్గర మేమిద్దరం కూర్చుంటున్నాం. వాడు తమిళ లిపిలో రాసుకుని పాడతాడు. తప్పు పాడితే అమ్మ చెయ్యి ఎత్తి ఆపుతుంది, తను పాడి చూపిస్తుంది. మాట రాని మనిషే మా ఇంటికి పాటల పంతులమ్మ అయింది. రెండు చరణాలు వచ్చాయి. మీ ఇళ్ళలో పెద్దవాళ్ళకు వచ్చిన పాటలుంటే ఇప్పుడే కూర్చుని నేర్చుకోండి.