గార్లదిన్నెలో గుర్తొచ్చిన నటి

గార్లదిన్నె స్టేషన్లో దిగేసరికి పొద్దు నడినెత్తి మీదుంది. నాతోపాటు దిగింది ఓ ముసలాయన, ఆయన శెనక్కాయల మూట. అంతే!

"యాడికి పోవల్లప్పా?" అన్నాడాయన.

"పెనకచర్ల డ్యాం చూద్దామని."

"నీళ్లు సూసేకి ఇంత దూరం వొస్తివా?" అని పకపకా నవ్వి, రోడ్డు పక్క హోటలుకి తీసుకుపోయాడు. ఉగ్గాని, మిరపకాయ బజ్జీ! ఆ కారానికి కళ్లు తుడుచుకుంటూ గోడకేసి చూస్తే కురుక్షేత్రం నాటకం పోస్టరు. ఒకప్పుడు మా పెద్దాయన కూడా దుర్యోధనుడట!

"ఆడవేషాలు మీ ఊళ్లో ఎవరు కడతారు?"

"బయట్నుంచి పిలిపిస్తాం. మనూరి పిల్లను ఎవరు యేయనిస్తారప్పా?"

టీ గ్లాసులు పెడుతున్న హోటలాయన కూతురు, "నాకు ద్రౌపది పద్యాలన్నీ వొచ్చు" అంది. "లోపలికి పో!" అన్నాడు తండ్రి. నవ్వుతూనే అన్నాడు గానీ, పిల్ల ముఖం చిన్నబోయింది.

నాకు వెంటనే బళ్ళారి రాఘవ గుర్తొచ్చాడు. ఎక్కడివాడో కాదు, ఈ జిల్లా తాడిపత్రిలో 1880లో పుట్టినవాడే. పేరుకి బళ్ళారి ప్లీడరు, ప్రాణమంతా నాటకం. ఆడపాత్ర ఆడదే వెయ్యాలని పట్టుబట్టిన మనిషి. స్థానం నరసింహారావు చీర కట్టి సత్యభామగా నిలబడితే కోస్తా జనం నీరాజనాలు పట్టే రోజుల్లో ఆ మాట అనడానికి ఎంత గుండె కావాలి!

అంతకన్నా పెద్ద గుండె కావాల్సింది ముందుకొచ్చే ఆడమనిషికి. అలా వచ్చింది కొమ్మూరి పద్మావతీదేవి. 1908లో పుట్టిన ఈమె చలం తమ్ముడి భార్య. కథలు రాసింది. కోస్తా సంసారుల ఇంటి కోడలు, రాయలసీమ నటుడి సరసన నాటకమాడింది! పి.వి. రాజమన్నారు రాసిన 'తప్పెవరిది'లో కిరీటాల్లేవు, గదల్లేవు, మన ఇళ్లల్లో జరిగే గొడవే. అలాంటి పాత్రని మీసం గీసుకొచ్చిన మగవాడు వేస్తే ఎవరు నమ్ముతారు చెప్పండి? (ఆ రాజమన్నారు తర్వాత మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయ్యారు.) 1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'రైతుబిడ్డ'లోనూ రాఘవ, పద్మావతీదేవి ఇద్దరూ ఉన్నారు. జమీందార్లకి ఒళ్లు మండి ఆ సినిమా నిషేధందాకా వెళ్లింది.

డిటెక్టివ్ యుగంధర్ నవలలు చదివారా? ఆ కొమ్మూరి సాంబశివరావు ఈవిడ కొడుకే!

ఇదంతా హోటల్లో చెప్పి డ్యాముకి వెళ్లాను. చుట్టూ ఎర్రటి బీళ్లు, మధ్యలో అంత నీరు... కాలవ మీద తుంగభద్ర నుంచి రావాల్సిన నీరది. సొంత పెన్నని నమ్ముకుంటే చాలా ఏళ్లు ఇసుకే గతి. అయినా ఆ పెన్నే పామిడి, తాడిపత్రి దాటి నెల్లూరు సీమలో సముద్రం చూస్తుంది.

చీకటిపడ్డాక బస్సు కోసం మళ్లీ హోటలు దగ్గరికే వచ్చాను. ఆ పిల్ల టీ తెచ్చి, గొంతు తగ్గించి అడిగింది:

"సార్, ఆయమ్మను ఇంట్లో ఒప్పుకున్నారా?"

"వాళ్ల బావగారు చలమమ్మా!" అన్నాను నవ్వుతూ. ఆ పిల్లకి చలమెవరో తెలీదు. తండ్రి మాత్రం గ్లాసులు కడగడం ఆపి మా వైపే చూస్తున్నాడు.

"ద్రౌపది పద్యం ఒకటి పాడు, ఇంటాం" అన్నాడు ముసలాయన.

పిల్ల తండ్రి ముఖంలోకి చూసింది. ఆయన ఏమీ అనలేదు. అంతలో బస్సొచ్చింది. నేను ఎక్కలేదు.