మాటతో వెలిగే దీపం

సెలవులకు కోడలితో కలిసి కనగానపల్లి వచ్చిన మా మనవడు ఒక కొత్త లోకాన్ని కనిపెట్టాడండీ! అక్కడ కరెంటే లేదట. దీపాలు, రైళ్ళు, పిండిమరలు, అన్నీ ధ్వనితోనే నడుస్తాయట.

"ఇందులో వింతేముందిరా? 1970లో వచ్చిన 'అలీబాబా 40 దొంగలు' సినిమాలో మాటకే గుహ తలుపు తెరుచుకుంది కదా!" అన్నాను.

"అది మంత్రం అవ్వా, ఇది సైన్సు" అంటూ లెక్క చెప్పాడు. మామూలుగా మాట్లాడేటప్పుడు మన గొంతులోంచి వెలువడే శక్తి ఒక వాటులో సుమారు లక్షో వంతేనట. అంటే పది వాట్ల బల్బుకు పదిలక్షల మంది మాట్లాడాలి. మా ఊరంతా కలిసినా ఏం చాలుతుంది?

"మరి నీ లోకంలో ఎట్లా వెలుగుతాయిరా?"

"అక్కడ మాటకు బలమెక్కువ. మాటల్లేని ఇల్లు మాత్రం చీకటే. మనింట్లో రెండ్రోజులుగా కరెంటు లేదు కదా, అట్లా!"

నాకు చురుక్కుమంది. నేను చేసిన ఉగ్గానిలో కారం ఎక్కువైందని కోడలు అన్నందుకు, రెండు రోజులుగా మాటలు మానేసింది నేనే మరి.

లేచి వంటింట్లోకి వెళ్ళాను.

"అమ్మాయ్, కాఫీ కలుపుతున్నా. తాగుతావా?"

లెక్కకు లక్షో వంతు వాటే. గొంతు పెగలడానికి ఎంత బలం కావలసివచ్చిందో!

"నేను కలుపుతాలే అత్తా, నువ్వు కూర్చో" అంది.

బయటినుంచి వాడు కేకేశాడు: "కరెంటొచ్చింది!"