పసుపు లైటు ఆరుతూ వెలుగుతుంటే...

కారు నడిపేవాళ్లే కాదు, పక్క సీట్లో కూర్చునే మనమూ తెలుసుకోవాల్సిన సంగతి ఒకటుంది. మీటర్ల దగ్గర ఇంజన్ బొమ్మతో ఒక పసుపు లైటు ఉంటుంది, చూశారా? తాళం తిప్పగానే వెలిగి, బండి స్టార్టయ్యాక ఆరిపోవాలి. ఆరకపోయినా, దారిలో వెలిగినా ఇంజన్‌ను కనిపెట్టుకుని ఉండే కంప్యూటర్‌కు ఏదో తేడా కనిపించిందని అర్థం.

మిక్సీ కొన్నా దాంతో వచ్చిన పుస్తకం చదివే అలవాటు నాది. కారు పుస్తకమూ అలాగే చదివాను. మావారు నవ్వేవారు.

మొన్న సూర్యాపేట నుంచి మిర్యాలగూడ వెళ్లి అమ్మను ఎక్కించుకున్నాం. కోదాడలో మా చెల్లెలి కూతురికి ఓణీల ఫంక్షన్. మేనమామ తరఫు పట్టు లంగావోణీ అమ్మ ఒళ్లోనే ఉంది. నేరేడుచర్ల దాటాక బండి కుదుపులు మొదలుపెట్టింది. పసుపు లైటు ఆరుతూ వెలుగుతూ ఉంది.

"హుజూర్‌నగర్ దాటితే కోదాడే గదా, పోయినంక చూపిద్దాం" అన్నారు మావారు.

"నిలకడగా వెలిగితే పోవచ్చండీ. ఇట్ల ఆరుతూ వెలుగుతుంటే ఆపాలె" అన్నాను.

ముహూర్తం దగ్గర పడుతోంది. ఆయన ముఖంలో చిరాకు. వెనక నుంచి అమ్మే అంది, "బండి రేపైనా బాగైతది బిడ్డా, ముహూర్తం ఆగదు. మనం బస్సెక్కుదాం."

చింతచెట్టు కింద బండి ఆపించి, నేనూ అమ్మా ఆర్టీసీ బస్సెక్కాం. నిలబడే వెళ్లాం గానీ, బట్టలు వేళకు పిల్ల చేతికి అందాయి.

మావారు భోజనాల వేళకు కారుతోనే వచ్చారు. ఫోన్ చేస్తే వచ్చిన మెకానిక్ స్టీరింగ్ కింద స్కానర్ పెట్టాడట. పీ0302 అని వచ్చింది. అంటే రెండో సిలిండర్ సరిగ్గా మండటం లేదని. ఇగ్నిషన్ కాయిల్ పోయింది, మార్చాడు. అట్లాగే నడిపి ఉంటే మండని పెట్రోలు పొగగొట్టంలోకి వెళ్లి, పొగను శుభ్రం చేసే కెటలిటిక్ కన్వర్టర్ వేడెక్కి పాడయ్యేదట. దాని ఖర్చు ముందు కాయిల్ ఖర్చు ఎంత!

కాబట్టి గుర్తుపెట్టుకోండి. పసుపు నిలకడగా వెలిగి, బండి మామూలుగా నడుస్తుంటే, నెమ్మదిగా వెళ్లి త్వరలో షెడ్డులో చూపించాలి. ఆరుతూ వెలుగుతుంటే వేగం తగ్గించి, క్షేమమైన చోట ఆపాలి. నూనె డబ్బా బొమ్మ ఎర్రగా వెలిగితే ఇంజన్ వెంటనే ఆపేయాలి. ఆయిల్ ఒత్తిడి లేకుండా కాసేపు తిరిగినా ఇంజన్ పాడవుతుంది. థర్మామీటర్ బొమ్మ ఎర్రగా వెలిగినా ఆపాల్సిందే. వేడి మీద రేడియేటర్ మూత మాత్రం తీయకండి, మరిగే నీళ్లు మీదికి చిమ్ముతాయి. ఇంకో మాట. స్కానర్‌తో లైటు ఆర్పేసినంత మాత్రాన రిపేరు అయినట్టు కాదు. ఏం మార్చారో అడగండి.

పోయిన వారం మావారు ఒక్కరే వస్తూ ఫోన్ చేశారు. "పసుపే వెలిగింది, నిలకడగనే ఉంది. ఇంటికి రావొచ్చా?"

"నెమ్మదిగా రండి. పొద్దున్నే షెడ్డుకు తీస్కపోదాం" అన్నాను.